పుంగనూరులో ఎక్కేవాడి సీటు

కుప్పం నుంచి ఫోను వచ్చేసరికి నేను బడికి బయలుదేరి చెప్పులు వేసుకుంటున్నాను. అవతల మా మేనత్త కూతురు. "వదినా, అమ్మ పోయింది" అని కాసేపు ఏడ్చి, తనే తేరుకుని చెప్పింది. పొద్దున కాఫీ తాగి వాకిట్లో బల్ల మీద కూర్చుందట. టిఫినుకు పిలిస్తే పలకలేదట.

"పక్కన బుట్ట పెట్టుకోనుండాది వదినా. ఎవురికో జాగా ఆపినట్టు."

వేసుకున్న చెప్పు విడిచేశాను. ఎవరికి ఆపిందో మా ఇంట్లో అందరికీ తెలుసు. ఆ మనిషి పోయి ఏళ్లయింది.

అత్త అంటే మా నాయనకు అక్క. తల్లి త్వరగా పోతే తమ్ముణ్ణి చంకనేసుకుని పెంచిన మనిషి. నేను చదువుకునే రోజులన్నిట్లో మా నాయన మీద కేసు నడిపిన మనిషి కూడా ఆమే. ఈ రెండూ కలిపి చెప్తేగానీ ఆమె సంగతి మీకు అందదు. ఒకటే చెప్పి రెండోది దాచిపెడితే ఆమే ఒప్పుకోదు.

మా ఊరు పుంగనూరు నుంచి సదుం వెళ్లే దారిలో ఉంది. వానొస్తే చెనక్కాయ పంట, అంటే వేరుశనగ; రాకపోతే కంప. అక్కడ మా తాతకు నాలుగెకరాల చేను ఉండేది. తాత పోయాక చేను నాయన చేతికొచ్చింది. అత్తను కుప్పం ఇచ్చి అప్పటికే చాలా ఏళ్లయింది. మామ కాస్త లోకజ్ఞానం ఉన్న మనిషి. ఆ చేను తాత పెద్దల నుంచి వచ్చింది కాదు, ఆయన సొంతంగా కొన్నది, కాబట్టి కూతురికీ సమానంగా వాటా ఉందని ఎవరో చెబితే విని, అత్త చేత పుంగనూరు కోర్టులో దావా వేయించాడు. అత్త వద్దన్నదో సరేనన్నదో నాకు తెలియదు. వేలిముద్ర మాత్రం ఆమెదే.

ఆ దావా నడిచే రోజుల్లో ఒకసారి మా నాయన పుంగనూరు కాఫీ అంగట్లో కూర్చుని, పక్కనెవరున్నారో చూసుకోకుండా, "మా నాయన ఎండకు ఎండి, వానకు తడిసి కొన్న సేనప్పా అది" అని గొప్పగా చెప్పుకున్నాడు. పక్కనున్న పెద్దమనిషి తర్వాత బోనెక్కి ఆ మాటే పొల్లుపోకుండా చెప్పాడు. కేసు అత్త వైపు తీర్పయింది. నాయన మదనపల్లెలో అప్పీలు వేశాడు. అప్పీలు వేసిన రోజున మా వకీలు వేలు చూపించి గట్టిగా చెప్పాడు: "ఇకనైనా నోరు కట్టుకో. అప్పీలు తేలేదాకా అవతలి పార్టీతో ఒక్క మాట మాట్లాడావా, కేసు గంగలో కలిసినట్టే."

వకీలు చెప్పింది కేసు గురించి మాట్లాడొద్దని. మా నాయన విన్నది అసలు మాట్లాడొద్దని. అవతల అత్త వకీలు కూడా ఆమెకు అలాంటి మాటే చెప్పాడని మాకు చాలా ఆలస్యంగా తెలిసింది. చట్టమంటే దేవుడి ఆన కంటే ఎక్కువ భయపడే మనుషులు ఇద్దరూ. అక్కాతమ్ముళ్ల మధ్య మాట ఆరోజుతో ఆగిపోయింది. ఊళ్లో అందరూ పగ అనుకున్నారు. మా అమ్మ అనుకుంది, నేనూ అనుకున్నాను.

ఇక బస్సు సంగతి. కుప్పం నుంచి మదనపల్లెకు పలమనేరు, పుంగనూరు మీదుగా ఒక ఎర్రబస్సు వచ్చేది. వాయిదా ఉన్న రోజు అత్త తెల్లారకముందే కుప్పంలో ఆ బస్సెక్కేది. నాయన పుంగనూరులో అదే బస్సెక్కేవాడు. పొద్దున్నే కోర్టుకు చేరాలంటే ఇద్దరికీ ఇంకో దారి లేదు. సెలవులకు ఊళ్లో ఉంటే నేనూ నాయనతో ఎక్కేదాన్ని. అత్త ఎప్పుడూ ఇద్దరు పట్టే సీట్లో కిటికీ పక్కన కూర్చునేది. టికెట్టును సన్నగా మడిచి గాజుల సందులో దోపుకునేది. పక్కసీటు మీద పచ్చరంగు వైరుబుట్ట ఉండేది. పలమనేరులో ఎవరు కూర్చోబోయినా, "మనిషుండాడు, పుంగనూరులో ఎక్కుతాడు" అనేది. కండక్టరు గొణిగేవాడు. ఒకసారి ఎవరో పోట్లాడితే రెండో టికెట్టు కూడా కొనిందట.

పుంగనూరు రాగానే బుట్ట తీసి ఒళ్లో పెట్టుకుని, మొహం కిటికీ వైపు తిప్పుకునేది. నాయన ఎక్కేవాడు. ఖాళీ సీటు చూసేవాడు. దాని పక్కనే కమ్మీ పట్టుకుని, అటువైపు వీపు పెట్టి, మదనపల్లె దాకా నిలబడేవాడు. బస్సంతా కిక్కిరిసినా ఆ సీటు మాత్రం అలాగే ఉండేది. ఎవరైనా నాయనను "కూసోరాదా పెద్దాయనా" అంటే, "పర్వాలేదప్పా, నేను నిలబడతా" అనేవాడు. మొదట్లో నాకు సిగ్గేసేది. తర్వాత కోపమొచ్చేది. ఒకసారి ఆగలేక, "యాల కూసోవు నాయనా? సీటుకేమన్నా ముండ్లుండాయా?" అన్నాను.

"పక్కన కూసుంటే నోరు ఊరుకుంటాదా పాపా?" అన్నాడు.

అప్పుడు నాకది అర్థం కాలేదు. పౌరుషం అనుకున్నాను.

మాటలకు అడ్డం వచ్చిన చట్టం చెనక్కాయలకు మాత్రం అడ్డం రాలేదు. అత్త ఇంట్లో పచ్చి చెనక్కాయలు ఉప్పేసి ఉడకబెట్టి, గుడ్డలో మూటగట్టి తెచ్చేది. కోర్టు వరండాలో ఒక పొడుగాటి బల్ల ఉండేది. ఆ చివర అత్త, ఈ చివర నాయన. పేర్లు పిలిచేదాకా కూర్చునేవాళ్లు. ఎండ కాస్త ఎక్కాక అత్త మూట తీసి బల్ల మధ్యలో పెట్టి, మొహం అవతలికి తిప్పుకునేది. కాసేపటికి పొట్టు చిట్లిన చప్పుడు వినిపించేది. ఆ చప్పుడు ఆగేదాకా అత్త ఇటు తిరిగేది కాదు. తిరిగితే తమ్ముడు తినడం ఆపేస్తాడని భయం. నేను డిగ్రీ క్లాసు ఎగ్గొట్టి వచ్చి ఆ బల్ల పక్కనే నిలబడి ఈ తంతు చూశాను. లోపల ఇద్దరు వకీళ్లు ఒకే అక్కాతమ్ముళ్లను చెరో వైపు లాగుతుంటే, బయట వీళ్లు ఒకే మూటలో తింటున్నారు. నవ్వాలో ఏడవాలో తెలిసేది కాదు.

ఈ మధ్యలో కుప్పంలో మామ పోయాడు. కబురు తెలియగానే మేమంతా వెళ్లాం. భర్త పోయిన ఆడబిడ్డకు పుట్టింటివాళ్లు చీర పెట్టాలి. ఆ చీర నాయనే పుంగనూరులో కొన్నాడు. అక్కడికి వెళ్లాక దాన్ని అమ్మ చేతికిచ్చి, పందిరి గుంజ పట్టుకుని నిలబడిపోయాడు. అత్త అమ్మను కావలించుకుని ఏడుస్తూ అమ్మ భుజం మీదుగా నాయననే చూస్తోంది. ఒక్క మాట. "అక్కా" అంటే చాలు. నాయన పెదవులు కదిలాయి గానీ శబ్దం రాలేదు. అక్కడున్న ఆడవాళ్లు "రాతి గుండె" అన్నారు. తర్వాత నేను పెరట్లోకి వెళితే గడ్డివామి వెనక కూర్చుని తువ్వాలు నోట్లో కుక్కుకుని ఏడుస్తున్నాడు. నన్ను చూసి, "ఈడ వాళ్ల వకీలు గుమాస్తా వచ్చినాడు పాపా. సూస్తాండాడు" అన్నాడు.

చావింట్లో గుమాస్తాకు భయపడి అక్కను పలకరించని మనిషి! వకీళ్ల మీద నాకు ఇప్పటికీ కోపం చల్లారలేదు. వాళ్లు చేసిన తప్పేమిటని అడిగితే మాత్రం చెప్పలేను.

కేసు వేయించిన మామే పోయాక ఇంకెందుకు ఈ కేసని అందరూ అన్నారు. పెద్దమనుషులు కుప్పం వెళ్లి వచ్చారు. వకీళ్లే రాజీ మాటెత్తారు. ఓడినవాడు కోర్టులో ఏడిస్తే గెలిచినవాడు ఇంటికొచ్చి ఏడుస్తాడు, వదిలెయ్యండన్నారు. అత్త ఒప్పుకోలేదు. "మొగుడు పోయినా పంతం పోలేదు" అని మా అమ్మ మెటికలు విరిచింది. విచిత్రమేమిటంటే నాయన కూడా ఒప్పుకోలేదు. వకీలు అడిగితే తల గోక్కుని, "ఇంకో వాయిదా సూద్దాం సార్" అనేవాడు. వాయిదా మీద వాయిదా పడింది. బస్సు వస్తూనే ఉంది. అత్త బుట్ట తీస్తూనే ఉంది. నాయన నిలబడుతూనే ఉన్నాడు.

ఆ నిలబడటమే చివరకు ఆగింది. నాయనకు మోకాళ్లు పట్టేశాయి, ఆయాసం కూడా మొదలైంది. ఒక వానాకాలం పొద్దున పుంగనూరు దాటాక గొర్రెల మంద అడ్డమొచ్చి డ్రైవరు బ్రేకు వేస్తే, నాయన చెయ్యి జారి మనుషుల కాళ్ల మధ్య పడిపోయాడు. నేను లేపబోయేలోగా అత్త ఒళ్లోని బుట్ట పక్కసీట్లో పడేసి లేచింది. నోట్లో చీరకొంగు కుక్కుకుని ఉంది, అరుపు బయటికి రాకుండా. ఎవరెవరో నాయనను లేపి అత్త సీట్లోనే కూర్చోబెట్టారు. అత్త వెనక్కి వెళ్లి కమ్మీ పట్టుకుని నిలబడింది. నాయన పక్కసీట్లో వైరుబుట్ట. మదనపల్లె వచ్చేదాకా ఆయన బుట్ట వంక చూస్తూ కూర్చున్నాడు. దాని మీద చెయ్యి వేశాడు కూడా.

బస్సు దిగగానే అత్త తిన్నగా తన వకీలు దగ్గరికి వెళ్లి, "రాజీ రాసేయండి సార్" అంది.

నేను ఆమె వెనకే వెళ్లాను. వకీలు, "ఇన్నాళ్లూ వద్దని ఇప్పుడెందుకమ్మా?" అని అడిగితే ఆమె చెప్పిన జవాబు ఆయనకు అర్థం కాలేదు. "వాడు నిలబడలేకుండాడు సార్" అంది.

బయటికొచ్చాక వేపచెట్టు కింద నాకు చెప్పింది. "కేసు అయిపోతే వాణ్ణి నేను యాడ సూసేది పాపా? ఇంటికి రమ్మని పిలిచే దారి మూసకపాయ. వాయిదా ఉంటేనే గదా వాడు బస్సెక్కేది. ఆ జడ్జి వాయిదా ఏసినప్పుడల్లా మనసులో దండం పెట్టుకున్న్యా. ఇప్పుడు సాలు. సూడకపోయినా సరే, వాడు కూసోనీ."

ఆ మాట విన్నప్పటి నుంచి నాకు నాయన "ఇంకో వాయిదా సూద్దాం" అనడం గుర్తొస్తూనే ఉంటుంది. ఆయన్ని అడిగే ధైర్యం నాకు చాల్లేదు.

రాజీ పత్రం రాయడానికి ఎక్కువసేపు పట్టలేదు. చేను నాయనకే. అత్త తన హక్కు వదులుకుంటుంది. బదులుగా ఆమె బతికున్నంత కాలం ఏటా ఆ చేలో పండిన చెనక్కాయలు ఒక మూట కుప్పానికి పంపాలి. ఇంతే. పుంగనూరులో గెలిచిన వాటా వదులుకుని చెనక్కాయలు అడుగుతుందేమిటని ఆమె వకీలు తల పట్టుకున్నాడు. "నా పుట్టింటి మన్ను తగిలిన కాయ సార్. రాయండి" అంది.

జడ్జి ఇద్దరినీ దగ్గరికి పిలిచి, షరతులన్నీ తెలుగులో చదివి వినిపించి, ఎవరి బలవంతమూ లేకుండా ఒప్పుకున్నారా అని అడిగాడు. నాయన తలూపాడు. అత్త వేలిముద్ర వేసింది. జడ్జి కాగితం మీద సంతకం పెడుతుండగా అత్త బోనులో నిలబడినట్టు చేతులు కట్టుకుని అడిగింది.

"సార్, ఇంక మేము మాట్లాడుకోవచ్చునా?"

కోర్టు హాల్లో అందరూ నవ్వారు. జడ్జి కూడా నవ్వబోయి ఆమె మొహం చూసి ఆగిపోయాడు. కళ్లద్దాలు తీసి బల్ల మీద పెట్టాడు.

"ఎప్పుడైనా మాట్లాడుకోవచ్చు కదమ్మా. వద్దని ఎవరన్నారు?"

అత్త తమ్ముడి వంక చూసింది. తమ్ముడు అక్క వంక చూశాడు. ఇద్దరూ ఒకరినొకరు అంత తిన్నగా చూసుకోవడం నేను అదే మొదటిసారి చూశాను. ఆ చూపులో సంతోషం ఉంటుందని మీరనుకుంటారు. లేదు. సగం చేలో పంట ఎండిపోయాక, కాలువకు అడ్డంగా ఉన్నది ఒక్క తట్ట మన్నేనని తెలిసిన రైతుల మొహాలు అవి. జడ్జి అడిగిన మాట నాకు ఇప్పటికీ వినిపిస్తుంది. బళ్లో పిల్లల్ని "మాట్లాడొద్దు" అని కసురుకున్నప్పుడల్లా "వద్దని ఎవరన్నారు?" అని నన్నే అడుగుతున్నట్టు ఉంటుంది.

తిరుగు బస్సులో నాయన ఆమె పక్కన కూర్చున్నాడు. నేను వెనక సీట్లో ఉన్నాను. ఇన్నేళ్ల మాటలు ఒక్కసారిగా పొంగి వస్తాయని ఎదురుచూశాను. ఏమీ రాలేదు. చాలా దూరం పోయాక అత్త అంది.

"మోకాలు ఎట్లుండాది?"

"ఉండాది."

మళ్లీ చాలాసేపటికి నాయన, "అక్కా, మామ పోయినప్పుడు..." అని ఆగిపోయాడు.

"తెలుసురా అబ్బోడా. ఊరుకో" అంది.

పుంగనూరు వచ్చింది. కండక్టరు ఊరి పేరు అరిచాడు. నేను దిగి నాయన కోసం చూస్తే ఆయన సీట్లోంచి కదల్లేదు. నన్ను చూడనట్టే ముందుకు చూస్తూ కూర్చున్నాడు. బస్సు పలమనేరు వైపు వెళ్లిపోయింది. రెండు రోజుల తర్వాత కుప్పం నుంచి ఇంటికొచ్చాడు. ఏం మాట్లాడుకున్నారని అమ్మ ఎంత గుచ్చి అడిగినా, "ఏముండాది, ఊరికే" అన్నాడు.

మరుసటి పంట చెనక్కాయ మూటను నాయన స్వయంగా బస్సు మీద వేసుకుని పోయి ఇచ్చొచ్చాడు. ఆ తర్వాతి పంటకు ఆయన లేడు.

నాయన పోయిన రోజున అత్త వచ్చి శవం పక్కన కూర్చుంది. ఏడవలేదు. మాట్లాడింది. పొద్దు వాలేదాకా, తీసుకెళ్లేదాకా, గొంతు తగ్గించి మాట్లాడుతూనే ఉంది. కుప్పంలో వానల గురించి, అల్లుడి గురించి, ఇంట్లో ఈనిన ఆవు గురించి, చిన్నప్పుడు తమ్ముడికి అమ్మవారు పోసినప్పుడు తను వేపమండలతో విసిరిన సంగతి. మధ్యమధ్య ఆగి, జవాబు విన్నట్టు తలూపి, మళ్లీ మొదలుపెట్టేది. ఆడవాళ్లు భయపడి ఆమెను అవతలికి తీసుకెళ్లబోతే మా అమ్మే ఆపింది. పంతం పోలేదని మెటికలు విరిచిన మా అమ్మ.

చివరిరోజుల్లో నేను కుప్పం వెళ్లినప్పుడు ఒక మాట అంది. "మాట చెనక్కాయ మాదిరి పాపా. ఒలిస్తే గదా లోపల గింజుండాదో పురుగుండాదో తెలిసేది. మేము ఒలవకుండానే ఏండ్లు కూసున్న్యాం." నాకు తెలిసి ఆమె తనను తాను తిట్టుకున్నది ఆ ఒక్కసారే.

నాయన పోయాక కూడా ఆమె ఆ బస్సెక్కడం మానలేదు. కంటి డాక్టరనేది, చుట్టాలనేది, ఏదో ఒక వంక. ఒకసారి నేను పుంగనూరులో ఎక్కేసరికి కిటికీ పక్కన అత్త, పక్కసీట్లో బుట్ట. నన్ను చూసి నవ్వి, బుట్ట తీసి ఒళ్లో పెట్టుకుంది. కూర్చోబోయాను.

"నువ్వు ఎనక కూసో పాపా" అంది మెల్లగా. "వాడుండాడు."

నేను వెనక కూర్చున్నాను. మదనపల్లె దాకా ఆ సీటు వంక చూడలేదు. చూస్తే ఏమవుతుందో నాకు తెలియదు. చదువు చెప్పే మనిషిని, ఇలాంటివి నమ్మనని అందరికీ చెప్పుకుంటాను. అయినా చూడలేదు.

అత్త దినాలకు కుప్పం వెళ్లి, అన్నీ అయ్యాక తిరుగు ప్రయాణమయ్యాను. బయలుదేరుతుంటే మరదలు ఆ పచ్చ వైరుబుట్ట తెచ్చి నా చేతిలో పెట్టింది. "నీకే ఇమ్మనింది వదినా, ఎప్పుడో చెప్పి పెట్టుకోనింది." లోపల గుడ్డ మూట ఉంది. విప్పకుండానే వాసన తెలిసింది. నాయన పోయాక చేను చూసుకుంటున్న మా అన్న ఈ ఏడు పంపిన మూటలో మిగిలిన కాయలు నానబెట్టి ఉడకబెట్టారట. అమ్మ బుట్ట ఖాళీగా పంపకూడదని.

బస్సులో నాకు ఇద్దరు పట్టే సీటు దొరికింది. కిటికీ పక్కన కూర్చుని, ఏ ఆలోచనా లేకుండానే బుట్ట పక్కన పెట్టాను. పలమనేరులో జనం ఎక్కారు, నిండిపోయింది. ఎవరూ ఆ సీటు అడగలేదు. పుంగనూరులో ఇంకా ఎక్కారు. వాళ్లలో ఒక పెద్దాయన వచ్చి నా సీటు పక్కన కమ్మీ పట్టుకుని, అటువైపు తిరిగి నిలబడ్డాడు. తువ్వాలు, వంగిన వీపు. మొహం నాకు కనిపించలేదు.

బుట్ట తీసి ఒళ్లో పెట్టుకున్నాను. "కూర్చోండి" అన్నాను.

"పర్వాలేదమ్మా, నేను నిలబడతా" అన్నాడు.

చాలాసేపు ఆ చేతినే చూశాను, కమ్మీ మీద. ముసలి చేతులన్నీ ఒకలాగే ఉంటాయని నాకు నేను చెప్పుకున్నాను. తర్వాత బుట్టలోంచి మూట తీసి, ముడి విప్పి, ఖాళీ సీటు మీద పెట్టి, మొహం కిటికీ వైపు తిప్పుకున్నాను.

కాసేపటికి పొట్టు చిట్లిన చప్పుడు వినిపించింది. మదనపల్లె వచ్చేదాకా నేను ఇటు తిరగలేదు.